వడ్డీ దోషం

50 లక్షల ఇంటి రుణం, ఎనిమిదిన్నర శాతం వడ్డీ, 20 ఏళ్ల గడువు. నెలకు 43,391 రూపాయలేనంటే మురిసిపోతాం. తొలి వాయిదాలో 35,417 వడ్డీకే జమ. అసలులో తరిగేది ఎనిమిది వేల లోపే. చివరికి కట్టేది కోటీ నాలుగు లక్షలు!

మొదట్లోనే వడ్డీ ఒక శాతం పెరిగితే? కంగారొద్దు, బ్యాంకు సాధారణంగా ఈఎంఐ కదపదు; గడువునే అయిదేళ్లకు పైగా సాగదీస్తుంది. ఈశాన్యం అంగుళం తగ్గిందంటే గోడ పడగొట్టించే మనం, గడువు పెరిగిందన్న ఎస్సెమ్మెస్ తెరవనైనా తెరవం.

వాస్తు దోషానికి సిద్ధాంతి సవాలక్ష శాంతులు చెబుతాడు. వడ్డీ దోషానికి ఒకటే శాంతి: చేతిలో నాలుగు డబ్బులు ఆడినప్పుడల్లా అసలుకు జమ చేయడం. ఫ్లోటింగ్ వడ్డీ అయితే దానికి జరిమానా లేదు, దక్షిణా లేదు!