లైసెన్సు ప్రాణం గట్టిది

కేసు మెడకు చుట్టుకున్న ప్రతి నాయకుడి నోటా వచ్చే మాట ఒకటుంది: చట్టం తన పని తాను చేసుకుపోతుంది. అలా చేసుకుపోతుంటే ఎలా ఉంటుందో చూడాలని ముచ్చటపడేవాళ్లు ఇంగ్లండ్‌లో కంబ్రియా వైపు, డాల్టన్ అనే చిన్న ఊరి సంగతి తెలుసుకోవాలి. అక్కడ సౌత్ లేక్స్ సఫారీ జూ ఉండేది.

2013లో ఆ జూలో ఒక పులి ఉద్యోగినిని చంపేసింది. ఆ చావుకు 2016లో కోర్టు కంపెనీకి 2,55,000 పౌండ్ల జరిమానా వేసింది. ఇక జంతువుల లెక్క చూద్దాం. 2013 జనవరి నుంచి 2016 సెప్టెంబర్ దాకా పోయినవి 486. జూలో ఉన్నవే పదిహేను వందలు! తాబేలు కరెంటు కంచె తగిలి చచ్చింది. కోతి ఒకటి రేడియేటర్ వెనక కుళ్లిపోయి దొరికింది. రెండు మంచు చిరుతలైతే సగం తినేసిన స్థితిలో కనిపించాయి.

మనమైతే ఏం చేస్తాం? శనివారం సాయంత్రం నోటీసు అంటించి, ఆదివారం పొద్దున్నే బుల్డోజర్ దింపుతాం. సోమవారం హైకోర్టు తలుపులు తెరిచేసరికి స్టే ఇవ్వడానికి గోడ కూడా మిగలదు. ఇంగ్లండువాళ్లకు అంత తొందర లేదు. 1981 నాటి జూ లైసెన్సింగ్ చట్టం ప్రకారం ఇన్‌స్పెక్టర్లు వచ్చి చూడాలి, నివేదిక రాయాలి, ఫలానాది సరిచేసుకోమని షరతు పెట్టాలి, గడువివ్వాలి, యజమాని చెప్పేది వినాలి. మూసేస్తే జంతువులు ఎక్కడికి పోతాయో కూడా కాగితం మీద తేల్చాలి. ఇది వెక్కిరింపు కాదు సుమా. అద్దె కట్టనివాడి మంచం బయట పడేసినట్టు జిరాఫీని రోడ్డు మీద పెట్టలేం కదా!

2017 మార్చిలో, లైసెన్సులిచ్చే స్థానిక కౌన్సిల్‌లోని కౌన్సిలర్లు ఏకగ్రీవంగా తేల్చేశారు, లైసెన్సు ఇవ్వం అని. హమ్మయ్య అనుకోకండి. అప్పీలుకు 28 రోజులు. అందాకా గేటు తెరిచే ఉంటుంది, టికెట్లు తెగుతూనే ఉంటాయి. అసలు తమాషా ఇంకోటుంది. జూ నడిపే పనిని ఆ జనవరిలోనే ఒక కొత్త కంపెనీ చేతిలోకి తీసుకుంది. కాదన్నది పాత యజమాని పేరుకు. మేలో సరేనన్నది కొత్త కంపెనీ పేరుకు. అదే నేల, అవే బోనులు. కొత్తవాళ్లు వచ్చాక పరిస్థితి బాగుపడిందని ఇన్‌స్పెక్టర్లే రాశారు, కాదనడానికి మనమెవరం? ఆ జూ శాశ్వతంగా మూతపడింది మాత్రం 2024 డిసెంబర్‌లో.

మన దగ్గర అలా కాదులే అని గుండెల మీద చెయ్యి వేసుకోకండి. 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టంలో 38హెచ్ సెక్షన్ ఒకసారి తిరగెయ్యండి. సెంట్రల్ జూ అథారిటీ గుర్తింపు లేనిదే దేశంలో జూ నడపకూడదు. ఆ గుర్తింపు రద్దు చెయ్యాలంటే కారణాలు రాసి, జూ నడిపేవాళ్ల వాదన వినాలి. న్యాయమే. నడిపేవాళ్లు చెప్పుకుంటారు, లోపల ఉండేవాళ్లు పోస్టుమార్టం రిపోర్టుల ద్వారా చెప్పుకుంటారు.

రద్దయిందే అనుకోండి, 30 రోజుల్లో కేంద్ర ప్రభుత్వానికి అప్పీలు చేసుకోవచ్చు. గడువు దాటినా తగిన కారణం చూపిస్తే తీసుకుంటారు. ఇంతకీ ఈ అథారిటీకి అధ్యక్షుడెవరు? కేంద్ర పర్యావరణ మంత్రిగారే. అంటే ఒక గదిలో దెబ్బతిన్నవాడు ఆ వరండాలోనే రెండడుగులేసి పక్క తలుపు కొట్టాలన్నమాట. హైదరాబాద్, విశాఖ, తిరుపతి జూలను నడిపే మన అటవీ శాఖలకైతే ఏ పేచీ లేదు. నోటీసిచ్చేదీ సర్కారే, పుచ్చుకునేదీ సర్కారే, అప్పీలు వినేదీ సర్కారే. ముగ్గురికీ టీ తెచ్చేది ఒకే క్యాంటీన్ కుర్రాడు.