మూడు జిల్లాల కలెక్టర్లకు ఒకే మొర

‘గౌరవనీయులైన జిల్లా కలెక్టర్ గారికి’ అని రాసి అక్కడే ఆగిపోయాను. ఏ జిల్లా కలెక్టర్ గారికి? నా ఫోను ఉన్నది జనగామలో. దాంట్లో ఆటలు నింపిన నా బిడ్డ కొడుకు ఉండేది భూపాలపల్లిలో. వాడు నింపగా మిగిలిన జాగాను రోజూ తెల్లారకముందే పూలతో, దేవుళ్లతో నింపే మా బామ్మర్ది ఉండేది మానుకోటలో, కాగితాల మీద చెప్పాలంటే మహబూబాబాద్‌లో. 2016 అక్టోబర్ 11 దాకా ఈ చిక్కు లేదు. అందరం వరంగల్ జిల్లా వాళ్లమే, ఎవరి మీద ఎవరు ఫిర్యాదు చేసుకున్నా గుమ్మం ఒక్కటే. ఆ దసరా నాడు మూడు ఊళ్లూ మూడు జిల్లా కేంద్రాలైపోయాయి. జనగామ జిల్లా కావాలని ధర్నాలో కూర్చున్నవాళ్లలో నేనూ ఒకణ్ణి కనుక దాని మీద నోరెత్తను. మూడు కాపీలు తీయించి, మూడు సోమవారాలు మూడు ప్రజావాణిల్లో ఇచ్చుకుంటాను.

విషయం: నా సొంత ఫోనులో నాకు జాగా లేకపోవుట గురించి.

అయ్యా, నా ఫోను డబ్బా మీద 16 జీబీ అని అచ్చేసి ఉంది. తయారుచేసేవాళ్లు వెయ్యి లెక్కన కొలిచి అమ్ముతారు, నా పాత ఫోను మాత్రం 1,024 లెక్కన కొలుచుకుంటుంది. అందుకని పదహారు అన్నది లోపల 14.9 దగ్గర తేలుతుంది. తూకంలో ఇంత తరుగు మా అంగట్లో ఏ కూరగాయలామె చేసినా ఊరుకుంటామా? ఆ తేలినదాంట్లోంచి ‘సిస్టం’ అనే ఆసామి నాలుగైదు జీబీలు ముందే తీసి పక్కన పెట్టుకుంటాడు. ఆ పైన, కొన్ననాడే లోపల కూర్చుని ఉన్న యాప్‌లు. కొత్త ఇల్లు కొని తాళం తీస్తే, వంటింట్లో ఎవరో కిరాయిదారు అప్పటికే పొయ్యి వెలిగించుకుని ఉన్నట్టు. వాణ్ణి పొమ్మనడానికి ‘అన్‌ఇన్‌స్టాల్’ మీట ఉండదు, ‘డిజేబుల్’ ఉంటుంది. అది నొక్కితే ఆయన పడుకుంటాడు, గది మాత్రం ఖాళీ చేయడు. అప్‌డేట్ల పేరుతో తెచ్చుకున్న మూటలు కొన్ని బయట పడేయొచ్చు, అంతే.

సెల్ షాపు పిలగాడికి ఇదంతా చెప్పుకుంటే, సగం విని, “అంకుల్, పాతదైపాయె గది. 128 జీబీది తీస్కోండ్రి, ఈఎంఐల ఇస్త” అన్నాడు. పాతదైతే ఏమైంది? బెల్లు మోగుతుంది, మాట వినబడుతుంది, రాత్రిపూట మోటరు కాడికి పోతే లైటు పడుతుంది. లైటంటే గుర్తొచ్చింది, 2003లో వచ్చిన నోకియా 1100కు నెత్తి మీదే టార్చి ఉండేది. మా వాడకట్టులో ఆ ఫోను కొన్నవాళ్లలో సగం మంది మాట్లాడడం కోసం కాదు, ఆ టార్చి కోసం కొన్నారు. దాంట్లోనూ ఆట ఉండేది, పాము ఆట. అది ఎంత తిన్నా దాని తోకే పొడుగయ్యేది, నా జాగాలో మాత్రం ఇంచు తగ్గేది కాదు. అసలు ఆ ఫోను ‘నిండిపోయింది’ అనేది మెసేజీలప్పుడు మాత్రమే. రెండు పాత మెసేజీలు తుడిస్తే సల్లబడేది.

ఇన్నాళ్లూ ఓర్చుకున్న మనిషిని ఇప్పుడు కాగితం పట్టుకోవడానికి కారణం పత్తి. 2025–26 సీజనులో సర్కారు పత్తి సంస్థ సీసీఐకి పత్తి అమ్మాలంటే ‘కపాస్ కిసాన్’ యాప్‌లో పేరెక్కించుకుని, స్లాట్ బుక్ చేసుకుని, ఆ తేదీకే జిన్నింగ్ మిల్లుకు బండి తోలాలి. ఆ సీజనుకు పొడుగు పింజకు మద్దతు ధర క్వింటాలుకు 8,110 రూపాయలు. తేమ 8 శాతం దాటితే ధరలో కోత, 12 దాటితే బండి తిరుగుముఖం. అక్టోబర్ చివర్లో మొంథా తుఫాను మా వైపు ఎట్లా కురిసిందో చెప్పనక్కరలేదు, డోర్నకల్ స్టేషనులో పట్టాలే మునిగిపోయాయి. చేన్ల మీది పత్తి తడిసి ముద్దయింది. ఏరి తెచ్చిన దాన్ని ముందు గదిలో, వసారాలో, మంచాల కింద ఆరబోసుకుని కూర్చున్నాం. కాలు పెడితే పత్తి. టీవీ స్టాండు సందులో పత్తి. రాత్రి దుప్పటి దులిపితే పత్తి గింజ. ఇంట్లో ఈ ఆక్రమణ మీద నాకు ఏ ఫిర్యాదూ లేదు. పత్తి నాది, ఇల్లూ నాదే.

ఆ పత్తి అమ్ముకునే యాప్‌కు మాత్రం ఫోనులో చోటు లేదు. పెద్ద యాపేమీ కాదు, కొద్ది ఎంబీలది. ప్లే స్టోర్ దాన్ని పట్టుకుని కాసేపు గుండ్రంగా తిరిగి, జాగా చాలదు, ఏవైనా తీసేయమంది. నాకేమో మూడు వందల ఎంబీల దాకా ఖాళీ కళ్లకు కనబడుతూనే ఉంది. దీని మర్మం తర్వాత తెలిసింది. ఆండ్రాయిడ్ తన అవసరాలకని కొంత ఎప్పుడూ పక్కన దాచుకుంటుంది, ఖాళీ 500 ఎంబీ దగ్గరకు దిగిందంటే నిండిపోయినట్టే లెక్క కడుతుంది. ఫోను నత్తనడక పట్టడానికీ ఇదే మూలం. లోపలి చిప్పుకు పాత రాత చెరిపి కొత్తది రాసుకోవడానికి ఎప్పుడూ కొంత ఖాళీ పలక కావాలి. అది లేకపోతే నంబరు నొక్కిన తర్వాత చాయ్ తాగొచ్చినా పేరు పైకి రాదు.

పక్కింటాయన ఫోనులో చేసుకోవచ్చు కదా అంటారు. అడిగాను. ఆయన ఫోనులో మనుమరాలు పిల్లికి స్నానం పోసే ఆట పెట్టింది. మా ఇద్దరిదీ ఒకే వర్గం.

కాబట్టి ఆటలు తీయక తప్పదని నిర్ణయించాను. మనుమడు దసరా సెలవుల్లో వచ్చి పెట్టిపోయిన సంతానమది. ఒక కార్ల ఆట, ఒక తుపాకుల ఆట, పండ్లు కోసే ఆట ఒకటి, రైలు పట్టాల మీద పోలీసుకు దొరక్కుండా ఉరికే పిలగాడి ఆట ఒకటి. కాజీపేట – సికింద్రాబాద్ లైను పక్కన పుట్టి పెరిగినవాణ్ణి, పట్టాల మీద ఆడుకోరాదని చెవులు మెలిపెట్టించుకుని పెరిగినవాణ్ణి, ఆ ఆట చూస్తే నాకు గుండె జారుతుంది. వాడికేం తెలుసు? భూపాలపల్లికి ఇంతవరకు రైలే రాలేదు, వాడికి పట్టాలంటే ఫోనులోవే. ఈ ఆటల కపటం ఏమిటంటే, ప్లే స్టోర్‌లో తొంభై ఎంబీ అని వినయంగా కనబడతాయి. తెరిచిన తర్వాత ‘ఇంకొన్ని ఫైళ్లు కావాలి’ అని మెల్లగా అడిగి, అంతకు ఎన్నో రెట్లు లోపలికి గుంజుకుంటాయి.

వీడియో కాల్ పెట్టి వాడికి నోటీసు ఇచ్చాను.

“తాతా, కార్లది తియ్యకు! మొన్ననే నీలం కారు అచ్చింది. మస్తు కష్టపడ్డ.”

“క్యాషే తుడుస్తరా, డేటా ముట్ట.”

“నువ్వు రెండు ఒక్కతీర్గనే నొక్కుతవ్, నాకెర్కలే?”

తొమ్మిదేళ్ల పిలగాడు అన్నాడని కాదు గానీ, ఆ రెండు మీటలూ ఒకే తెరలో పక్కపక్కనే పెట్టినవాడి తెలివికి దండం పెట్టాలి. క్యాషే అంటే యాప్ తన సౌకర్యానికి పోగేసుకున్న చెత్త, తుడిస్తే మళ్లీ తెచ్చుకుంటుంది. డేటా అంటే నీలం కారు. మధ్యలో బిడ్డ వచ్చి, “బాపూ, పిలగానితోని లొల్లేంది? కొత్తది కొనుక్కోరాదు” అని తీర్పు చెప్పింది. అల్లుడు సింగరేణిలో నైట్ షిఫ్టు దిగి పడుకున్నాడు, ఆయన్ను సాక్షిగా లేపలేదు. 2020 సెప్టెంబర్ 2న కేంద్ర ప్రభుత్వం పబ్జీతో కలిపి 118 యాప్‌లను ఒక్క ఉత్తర్వుతో నిషేధించింది, ఏ మనుమడూ అడ్డం రాలేదు. ఇంటి యజమానికి అందులో వందో వంతు అధికారమైనా ఉండొద్దా అని మనవి. తుపాకులు పోయాయి. పండ్లు పోయాయి. పట్టాల మీది పిలగాడూ పోయాడు. నీలం కారు ఉంది.

ఇంత ఊచకోత కోసినా చాలలేదు. అప్పుడు బయటపడింది అసలు దొంగ, వాట్సాప్ ఫోల్డరు. అది మా బామ్మర్ది రాజ్యం. సోమవారం కురవి వీరన్న, మంగళవారం హనుమంతుడు, గురువారం సాయిబాబా, శనివారం వెంకన్న, మధ్య రోజుల్లో మంచు బిందువులతో గులాబీలు, ఆదివారం పక్షుల కూతలతో వీడియో. మా మూడు జిల్లాల చుట్టాల గ్రూపులు వేరువేరు, కానీ ఆయన అన్నిట్లోనూ ఉన్నాడు కనుక, ఒకే వీరన్న నాకు మూడు దిక్కుల నుంచీ దర్శనమిస్తాడు. ఇది మా ఇంటి ముచ్చటే అనుకునేవాణ్ణి. కాదట. మన దేశంలో ఇన్ని ఫోన్లు ఎందుకు మొరాయిస్తున్నాయని అమెరికాలో గూగుల్ వాళ్లు ఆరా తీస్తే, పొద్దుటి పూట పంపుకునే గుడ్ మార్నింగ్ బొమ్మలు తేలాయని 2018 జనవరిలో వాల్ స్ట్రీట్ జర్నల్ రాసింది. మన దగ్గర ముగ్గురిలో ఒకరి ఫోను రోజూ నిండిపోతుందనీ, అమెరికాలో అది పది మందిలో ఒకరికేననీ వెస్టర్న్ డిజిటల్ కంపెనీ లెక్కను కూడా వేసింది. 2017 డిసెంబర్‌లో గూగుల్ వదిలిన ‘ఫైల్స్ గో’ యాప్‌తో ఆ శుభోదయాలను వెతికి పట్టి తుడిచేసే వీలు వచ్చింది. అంటే మా బామ్మర్ది లాంటి వాళ్ల కోసం కాలిఫోర్నియాలో ఇంజినీర్లు రాత్రింబవళ్లు పని చేశారన్నమాట. ఈ సంగతి చెబితే ఆయన సిగ్గుపడలేదు. “చూసినవా బావా, అమెరిక దాక పోయింది మన పేరు” అన్నాడు.

జాగా ముచ్చటకే వస్తే, 1956లో ఐబీఎం వాళ్లు మొదటి హార్డ్ డిస్కు చేశారు. దాంట్లో పట్టేది 50 లక్షల అక్షరాలు, దాని బరువు దాదాపు టన్ను. ఆ లెక్కన మా బామ్మర్ది ఆదివారం వీడియో ఒక్కటి రావాలంటే మానుకోట నుంచి డీసీఎం వ్యాను కిరాయి మాట్లాడుకోవాలి. అప్పట్లో పుట్టి ఉంటే కిరాయి చూసుకునైనా తగ్గేవాడు.

సరే, తుడుద్దామని కూర్చున్నాను. వాట్సాప్ సెట్టింగ్స్‌లో ‘స్టోరేజ్ అండ్ డేటా’ తెరిస్తే ‘మేనేజ్ స్టోరేజ్’ అని ఉంటుంది. 5 ఎంబీ దాటినవి ఒక కుప్ప, చాలాసార్లు ఫార్వర్డ్ అయినవి ఇంకో కుప్ప పోసి పెడుతుంది, కింద ఎవరు ఎంత పంపారో వరుసగా చూపుతుంది. వరుసలో మొదటి పేరు చెప్పనక్కరలేదు. అన్నీ టిక్ పెట్టి తుడవబోతుంటే వెనక నుంచి మా ఇంటామె గొంతు.

“ఏమయ్యా, దేవుని బొమ్మలు తీస్తున్నవా? అదీ సోమారం పూట?”

“వందల వీరన్నలు ఉన్నరే, ఒక్కటుంచుత.”

“ఏది ఉంచుతవ్, ఏది పారేస్తవ్? దేవునిల గూడ మంచి చెడ్డ ఏరుతవా? నా తమ్ముడు పంపిండని గద నీ కండ్లు గుచ్చుకుంటున్నయి.”

ఈ ప్రశ్నకు ఏ కంపెనీ సెట్టింగ్స్‌లోనూ జవాబు లేదు. గులాబీలను తీయనిచ్చింది. పక్షుల కూతలను తీయనిచ్చింది. దేవుళ్లు ఉన్నారు. గులాబీలైనా వెంటనే పోయాయా అంటే, గ్యాలరీలోంచి తుడిచినవి ‘ట్రాష్’లో చేరి 30 రోజులు అక్కడే జాగా పట్టుకుని కూర్చుంటాయి, వాటిని అక్కడినుంచి మళ్లీ వెళ్లగొట్టాలి. మనం గ్యాలరీలోంచి ఎవరికైనా పంపిన వీడియోకు ‘సెంట్’ ఫోల్డరులో ఇంకో నకలు ఉంటుంది. మాటామంతీ మొత్తానికి వారం రోజుల బ్యాకప్‌లు విడిగా ఉంటాయి. ఇన్ని నకళ్లు మన తహసీల్ ఆఫీసులో దొరకాలంటే ఎన్ని దరఖాస్తులు పెట్టుకోవాలి!

ఇక్కడ మా ఇంటామె ఇంకో అభాండం వేసింది, అది కూడా రికార్డుకు ఎక్కించమని మనవి. “పిలగాని ఆటలు తీస్తివి, ఆ పచ్చీసు ఎందుకు తియ్యవు?” అంది. పచ్చీసు ఆట కాదు. గవ్వలతో మా అవ్వ, ఆమె అవ్వ ఆడినది, మన సంస్కృతి. నేను రాత్రి పూట ఓ గంట చూసుకునేది నిద్ర పట్టడానికి, బీపీకి డాక్టరు ప్రశాంతంగా ఉండమన్నాడు కనుక. అది మూడు వందల చిల్లర ఎంబీ ఉందని ఆమె వేలు పెట్టి చూపించింది. సంస్కృతికి ఆమాత్రం బరువు ఉంటుంది. దాన్ని ఈ విచారణ పరిధిలోకి తేవద్దని కోరుకుంటున్నాను.

చివరికి పాటలు తీశాను, బ్యాంకు యాప్ తీశాను, బిడ్డ పెండ్లి వీడియోను పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించి తీశాను. కపాస్ కిసాన్ దిగింది. ఆధార్, పాసుబుక్కు వివరాలు కొట్టాను, ఓటీపీ కోసం చూస్తున్నాను, అంతలో భూపాలపల్లి నుంచి మనుమడి ఫోను: “తాతా, నీ దాంట్ల జాగ అయ్యిందంట గద?”

పైన చెప్పిన వాటిని విచారించి, ఫోను ఎవరి పేరున కొన్నారో వాళ్లకు అందులో కనీసం మూడో వంతు జాగా దక్కేలా, అల్లుడు కొత్త ఫోను కొన్నప్పుడు మనుమళ్ల ఆటలను ఆ ఫోనుకు బదిలీ చేసేలా, అంతర్‌జిల్లా శుభోదయాలను ఇంటికి ఒక్కటి చొప్పున పరిమితం చేసేలా తగు ఉత్తర్వులు ఇవ్వగలరని ప్రార్థన.

కలెక్టరేటు ముందు చెట్టు కింద దరఖాస్తులు రాసే ఆయనకు ఈ కాగితం చూపించాను. కళ్లద్దాలు సర్దుకుని మొత్తం చదివాడు, నవ్వలేదు. ‘కనీసం’ అన్న మాట కింద గీత గీశాడు. “అంతా మంచిగనే ఉంది పెద్దాయనా, రుజువు జత చెయ్యాలె. జాగా లేదని ఫోను చూపిస్తది గద, గది స్క్రీన్‌షాట్ తీసి నాకు పంపుండ్రి, కలర్ ప్రింటు తీస్త” అన్నాడు.

ఫోను పక్కనున్న రెండు మీటలూ కలిపి నొక్కాను. స్టోరేజ్ చాలనందున స్క్రీన్‌షాట్ సేవ్ చేయలేకపోయామని వచ్చింది.