ఇసుక దాచుకోకండి

'ప్రిన్స్ ఆఫ్ పర్షియా: ది శాండ్స్ ఆఫ్ టైమ్' మొదలుపెట్టేవాళ్లకు ఎవరైనా చెప్పే మొదటి మాట ఒకటే. కాలాన్ని వెనక్కి తిప్పే బాకులో ఇసుక పొదుపుగా వాడండి, పెద్ద పోట్లాటకి దాచుకోండి అని. నేను దీనికి పూర్తిగా విరుద్ధంగా చెబుతాను. వాడెయ్యండి. నా సలహా ప్రకారం ఆడితే ఆట ముగియడానికి మామూలు కంటే ఎక్కువ రోజులు పడుతుంది, కత్తియుద్ధాల్లో మాటిమాటికీ చచ్చిపోతారు. అది తెలిసే చెబుతున్నాను.

ఈ బాకు ఎక్కడిదో గుర్తు చేసుకుందాం. కథలో అది ఒక భారతీయ మహారాజు ఖజానాలో ఉంటుంది. పర్షియా రాజు షరమాన్ ఆ మహారాజు కోట మీద పడినప్పుడు ఆయన కొడుకు ప్రిన్స్ దాన్ని కాజేస్తాడు. మహారాజు వజీరు మాయమాటలు నమ్మి దానితోనే ఇసుక గడియారాన్ని తెరుస్తాడు. లోపలి కాలపు ఇసుక బయటపడి అంతఃపురం అంతటినీ రాక్షసుల కొంపగా మార్చేస్తుంది. బాకు చేతిలో ఉంది కాబట్టి ప్రిన్స్ బతికిపోతాడు. మెడలో పతకం ఉంది కాబట్టి మహారాజు కూతురు ఫరా, కర్ర ఉంది కాబట్టి వజీరు బతుకుతారు. అక్కడి నుంచి ప్రిన్స్ ఆ బాకుతో కాలాన్ని వెనక్కి తిప్పగలడు, నెమ్మది చేయగలడు, శత్రువును ఉన్నచోటే బిగించగలడు.

నా మొదటి సలహా, అన్నిటికన్నా ముఖ్యమైనది: ప్రమాదం లేనప్పుడు కూడా వెనక్కి తిప్పండి. గోడ మీద అడ్డంగా పరిగెత్తారు, అవతలి గట్టు అంచు పట్టుకున్నారు, ఏ తప్పూ జరగలేదు. సరిగ్గా అప్పుడే బటన్ నొక్కి పట్టుకోండి. తెర మసకబారుతుంది, శబ్దం తిరగబడుతుంది. అంచు పట్టుకున్న వేళ్లు విడిపోతాయి, ఒళ్లు గాల్లోకి వెనక్కి లేస్తుంది, పాదాలు ఒక్కొక్క అడుగే గోడ మీదకి తిరిగొస్తాయి. సుమారు 10 సెకన్ల దాకా ఇలా వెనక్కి పోవచ్చు. ఎక్కడ ఎగిరారో, ఆ ఎగరడం ఒక అడుగు ముందు జరిగిందో వెనక జరిగిందో అప్పుడు కనిపిస్తుంది. పడిపోయేటప్పుడు తిప్పితే మనకి భయం తప్ప ఇంకేం కనబడదు. కుదురుగా ఉన్నప్పుడు తిప్పినవాళ్లకే కాళ్ల పని తెలుస్తుంది.

దీనికి ఇసుక ఖర్చవుతుంది, నిజమే. తిప్పిన ప్రతిసారీ ఒక తిత్తి ఖాళీ. అది మళ్లీ నిండాలంటే రాక్షసుల్ని పడగొట్టి, వాళ్లు లేచేలోపు బాకు గుచ్చి ఇసుక లాగాలి. అందుకే పొదుపరులు పోట్లాట కోసం దాస్తారు. పోట్లాటలో మీరు బాకును ఆ గుచ్చడానికి తప్ప వాడకండి. నెమ్మది చేయడం వద్దు, బిగించడం వద్దు. తలల మీంచి దూకడం, గోడ తన్ని మీదపడటం ఉన్నాయి, అవి చాలు. దెబ్బలు తగిలితే దగ్గర్లో కొలనో ఫౌంటెనో చూసుకుని నీళ్లు తాగండి, ప్రాణం కూడుతుంది.

ఇసుక మొత్తం అయిపోయి చచ్చిపోతే ఇంకా మంచిది. ఈ కథంతా ప్రిన్స్ నోటితోనే నడుస్తుంది. మీరు చచ్చిన ప్రతిసారీ, అబ్బే, అలా జరగలేదు అని తనే కథ సర్దుకుంటాడు. ఎప్పుడూ చావనివాడికి ఆ గొంతు వినపడదు. కథ చెప్పేవాడు తడబడటం వినాలి కదా! అది లేకపోతే సగం ఆట పోయినట్టే.

ఆట సేవ్ చేసుకునే చోట ఇసుక సుడిలోకి అడుగుపెడితే ముందు జరగబోయేది కళ్లముందు మెరుస్తుంది. దాన్ని చూడకండి, తల తిప్పేసుకోండి. బాకు మనకిచ్చే వరం జరిగినదాన్ని మళ్లీ చూడటం. జరగబోయేది ముందే చూస్తే గదిలోకి వెళ్లి దారి వెతుక్కునే సంతోషం పోతుంది.

ఇంత గట్టిగా చెప్పడానికి కారణం ఉంది. జోర్డాన్ మెక్నర్ 1989లో చేసిన మొదటి ప్రిన్స్ ఆఫ్ పర్షియాలో ఆటగాడికి 60 నిమిషాలే గడువు. ముళ్ల మీద పడితే ఆ అంచె మొదటికి రావాలి, గడియారం మాత్రం ఆగదు. 2003లో యూబీసాఫ్ట్ మాంట్రియల్ చేసిన ఆటకి కథ రాసిందీ ఆయనే. ఈసారి గడియారాన్ని మన చేతికే ఇచ్చారు. దాన్ని వాడకుండా దాచుకోవడమంటే 1989కి తిరిగిపోవడమే.

2004లో వచ్చిన తర్వాతి ఆటని చూపించి నన్ను తప్పుపట్టేవాళ్లున్నారు. అందులో దహాకా అనే కాలరక్షకుడు ప్రిన్స్‌ని తరుముతాడు, కాలంతో ఆడుకున్నందుకే కదా అంటారు. కాదు. దహాకా వచ్చింది ఇసుకని విడుదల చేసినందుకు. గోడ మీద రెండు అడుగులు వెనక్కి వేసినందుకు ఎవరూ తరమలేదు.

2010లో వచ్చిన సినిమాలో ఇదే బాకు ఒక్క నిమిషం వెనక్కి తిప్పుతుంది. అక్కడ తిప్పేది మనం కాదు, కాబట్టి అది నా లెక్కలోకి రాదు.

చివరి పరీక్ష ఒకటుంది. ఆట ముగింపుకి ముందు ఫరా బాకు తీసుకుని వెళ్లిపోతుంది. గోపురం ఎక్కాల్సింది ఏ తిప్పడమూ లేకుండానే. ఒక్క దెబ్బకి శత్రువుని కూల్చే కత్తి దొరుకుతుంది గానీ జారితే పట్టుకునేది ఏమీ లేదు. ఇష్టమొచ్చినట్టు ఇసుక తగలేసినవాళ్లు ఇక్కడ ఏడుస్తారని అంటారు. నేనొప్పుకోను. ఎక్కడ ఎగరాలో వెనక్కి తిప్పి తిప్పి చూసినవాళ్ల పాదాలకే ఆ గోపురం మెట్లు తెలుస్తాయి.

రీమేక్ వస్తుందని ఆగినవాళ్లకి ఒక్క మాట. దాన్ని 2020లో ప్రకటించినప్పుడు పని యూబీసాఫ్ట్ పుణె, ముంబై స్టూడియోల చేతిలో ఉంది, 2022లో మాంట్రియల్‌కి మారింది. 2026లో దాన్ని రద్దు చేశారు, ఇక దాని కోసం కూర్చోకండి. 2003 ఆట పీసీ మీద బాగానే నడుస్తుంది. వాక్‌త్రూ వీడియోలు కట్టేసి, ఈ వారాంతం అదే మొదలుపెట్టండి.