నేను డెక్కన్ ఏటీఆర్‌ని

నన్ను చూసి ‘ఇది విమానమేనా?’ అన్నవాళ్లే ఎక్కువ. రెక్కలు వీపు మీద, ఇంజిన్లకు పంకాలు, పొట్ట నేలకు దగ్గరగా. నా పేరు ఏటీఆర్ 42. ఫ్రాన్స్‌లోని తులూజ్‌లో పుట్టాను. 2003లో కెప్టెన్ గోపీనాథ్ బెంగళూరులో చౌక విమాన సంస్థ ఎయిర్ డెక్కన్ పెట్టినప్పుడు ముందు ఎగిరినవి మా ఏటీఆర్‌లే. ఎయిర్‌బస్ ఎ320లు తర్వాత వచ్చి చేరాయి.

చిన్న ఊరి ఎయిర్‌పోర్టులో దిగి, ఒకరి సాయం అడగకుండా తిరిగి లేవడం నాకు తెలుసు. మెట్ల బండి అక్కర్లేదు, తోకవైపు తలుపు కిందికి వాలిస్తే అదే నిచ్చెన. కరెంటు బండి లేకపోయినా దిగుల్లేదు. కుడి ఇంజిన్ నడుస్తూనే ఉంటుంది, దాని పంకాకు మాత్రం బ్రేకు వేస్తారు. లోపల లైట్లు వెలుగుతాయి, ఏసీ ఆడుతుంది. పైలట్లు దీన్ని ‘హోటల్ మోడ్’ అంటారు. జనం వెనక నుంచి ఎక్కుతారు కాబట్టి తోక కుంగకుండా కింద ఒక ఊతకర్ర నిలబెడతారు. బయల్దేరే ముందు దాన్ని తీయడం నేలమీది కుర్రాడి పని. ఖర్చు సంగతికొస్తే, 80 సీట్ల లోపు విమానాలకు ల్యాండింగ్ ఛార్జీల మినహాయింపు రావడం మాకు పెద్ద ఊరట.

తెలుగు నేల మీద మా ఆరంభం కష్టంగానే జరిగింది. 2003 సెప్టెంబరులో బేగంపేట నుంచి విజయవాడకు తొలి సర్వీసు. వెంకయ్యనాయుడు గారు లోపల ఉన్నారు. ఇంజిన్లో మంటలు లేచాయి. అందరూ క్షేమంగా దిగారు. ఆ వార్త చదివాక కూడా జనం ఎక్కారు చూడండి, ఆ రుణం నేను తీర్చుకోలేనిది.

టికెట్ మీద సీటు నంబరు ఉండేది కాదు. ఆర్టీసీ బస్సులో తువ్వాలు వేసినట్టు కిటికీ పక్క సీటు కోసం పరుగులే. పూతరేకుల డబ్బా ఒళ్లో పెట్టుకున్న ఒక పెద్దావిడ పంకా వైపు చూస్తూ, “అమ్మాయ్, అది ఆగిపోతే ఎలాగే?” అంది. “రెండోది ఉంది బామ్మగారూ, దాంతోనే దిగిపోతాం” అంది ఎయిర్‌హోస్టెస్. అబద్ధం కాదు. ఒక ఇంజిన్‌తోనూ దిగగలిగేలాగే నన్ను కట్టారు.

రూపాయి టికెట్ అందరికీ గుర్తుంది. ఆ ధరకు దొరికినవి కొన్ని సీట్లే, అదీ ముందుగా కొన్నవాళ్లకు. ఆర్.కె. లక్ష్మణ్ గీసిన సామాన్యుడు మా సంస్థకు గుర్తు. కానీ ఇంధనం ఖర్చు, అద్దెలు, వేగంగా పెరిగిన సర్వీసులు కలిసి నష్టాలు పేరుకున్నాయి. 2007లో విజయ్ మాల్యా సంస్థ మాలో వాటా కొంది. 2008లో డెక్కన్ పేరు పోయి కింగ్‌ఫిషర్ రెడ్ అయింది. చౌక టికెట్ల వ్యాపారం వదిలేస్తున్నామని 2011లో ప్రకటించారు. 2012 అక్టోబరులో మొత్తం కింగ్‌ఫిషర్ సంస్థే ఆగిపోయింది. మాలో చాలామందిమి అద్దె విమానాలం, ఎవరి యజమాని దగ్గరికి వాళ్లం చేరాం.

గోపీనాథ్ జీవితం ఆధారంగా సుధ కొంగర తీసిన ‘ఆకాశం నీ హద్దురా’ మీరు చూసే ఉంటారు. నా మాట మాత్రం ఇది: చిన్న ఊళ్లకు చౌక విమానం నడపాలనుకోవడం పొరపాటు కాదు. హైదరాబాద్ నుంచి రాజమండ్రికి ఈ రోజుకూ ఏటీఆర్‌లు నడుస్తున్నాయి. పంకాల విమానమని వెనకాడకండి, ఎక్కండి. జనం ఎక్కితేనే ఆ సర్వీసులు నిలుస్తాయి.