అడ్డమొచ్చిన టవర్

మెదక్ కోట పక్క వీధి కుర్రాడు. ఏడుపాయల దగ్గర పాయలుగా చీలే మంజీరను, చర్చి శిఖరం మీద పడే పొద్దుటెండను తీసి తీసి చెయ్యి తిరిగింది. ఇక ఊళ్లను, మనుషులను తీయాలనుకున్నాడు. అప్పుచేసి కెమెరా కొన్నాడు. మొదటి డాక్యుమెంటరీకి ఒకప్పటి మెదక్ జిల్లాలోదే, ఇప్పుడు సంగారెడ్డి కిందికి వచ్చిన మాచనూరును ఎంచుకున్నాడు.

ఎర్రనేల చెలక. కంది, కొర్ర, సజ్జ, అనుములు ఒకదానికొకటి ఆనుకుని పెరిగాయి. నడుమ ఒక ముసలమ్మ కొడవలితో కంకులు కోస్తోంది. కుర్రాడు గట్టెక్కి కెమెరా కిందికి వంచాడు. నచ్చలేదు. పక్కకి జరిగాడు. మళ్లీ జరిగాడు.

"ఏమాయె బిడ్డా?"

"ఆ టవర్ అడ్డమొస్తుంది అవ్వా. అది పడితే పల్లె అందం పోతది."

అవ్వ కొడవలి నడుముకు దోపుకుని గట్టు దగ్గరికొచ్చింది. "ముందుగాల నువ్వు కిందికి దిగు. పటేలు గద్దె మీద, మేం కింద. గట్ల తీస్తే పటేల్ షాట్. కండ్లకు కండ్లు సమానంగ పెట్టి తీస్తే సంగం షాట్. మేం గట్లనే తీస్తం."

"మీరు తీస్తారా?"

తీస్తారు. కెమెరా కోణాలకు ఆ పేర్లు పెట్టింది డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ సంఘాల దళిత మహిళలే. వాళ్లలో చాలామంది బడి మొహం చూడలేదు. 2001లో కమ్యూనిటీ మీడియా ట్రస్టు పెట్టుకున్నారు. బీటీ పత్తి వేసిన వరంగల్ రైతుల గోడును సీజను తర్వాత సీజను వెంటాడి తీశారు. అదే పత్తి కథ కోసం దక్షిణాఫ్రికా దాకా కెమెరా మోసుకెళ్లారు. కూలికి పోయిన చేతులతో ఇంత పని చేసినవాళ్లు మన నడుమే ఉన్నారు.

కుర్రాడు గట్టు దిగాడు. అవ్వ టవర్ వైపు చెయ్యి చూపింది.

"ఏండ్ల తరబడి మా మాటలు క్యాసెట్లల్ల పట్టి, సంగం మీటింగులల్ల మేమే ఇనుకున్నం. రేడియో నడిపెటందుకు సర్కారు పర్మిషన్ ఇయ్యలే. ఆఖరికి ఇచ్చిన్రు. 2008 అక్టోబర్ల సంగం రేడియో మొదలాయె. ఇత్తనాల ముచ్చట, బతుకమ్మ పాట, మా కష్టం, సుఖం అన్నీ గా టవర్ మీదికెళ్లే చుట్టుపక్కల ఊర్లకు పోతయ్. మా గొంతు గదే బిడ్డా. గదాన్ని తీసేసి మమ్మల్నేం తీస్తవ్?"

కుర్రాడు కెమెరాను టవర్ వైపు తిప్పాడు. అవ్వ కళ్లు అతని చంకలోని క్లాప్‌బోర్డు మీద పడ్డాయి.

"సినిమాకు పేరు గూడ పెట్టినట్టున్నవ్. నాకు సదువు రాదు, జర సదివి చెప్పు."

చదవడానికి కుర్రాడికి నోరు రాలేదు. దాని మీద పొద్దున్నే సుద్దముక్కతో రాసుకొచ్చిన పేరు: 'గొంతులేని పల్లె'.