కాలయాపనోపనిషత్తు

ప్రతి వంశంలోనూ ఒక ఐదు నిమిషాల బాబాయ్ ఉంటాడు. పెళ్లిచూపులకు పెద్దమనిషి ఆయనే. కారు తాళాలు ఆయన జేబులోనే. పురోహితుడి ఫోన్ నంబరు తెలిసిందీ ఆయనకే. అంటే ఆయన రాకుండా ఏ పనీ మొదలుకాదు. ఆయన మాత్రం రాడు.

"ఎక్కడున్నారు బాబాయ్?" అని ఫోన్ చేస్తే, "దారిలోనే ఉన్నానురా అబ్బాయ్, ఐదే ఐదు నిమిషాలు!" అంటాడు. వెనకాల కుక్కర్ మూడో కూత వేస్తుంది. "వేణ్ణీళ్లు చల్లారిపోతున్నాయి, స్నానానికి లేస్తారా లేదా?" అని పిన్ని కేకేస్తుంది. లైవ్ లొకేషన్ పంపమంటే మాత్రం బాబాయ్ నొచ్చుకుంటాడు. "పెద్దవాళ్ల మాట నమ్మనివాడికి ఆ చదువెందుకురా?" అంటాడు.

ఇది బద్ధకమనుకునేరు, దీని వెనక పెద్ద శాస్త్రమే ఉంది. పేరు కాలయాపనోపనిషత్తు. అచ్చులో దొరకదు, తాళపత్రాల్లోనూ లేదు, ఆయన నోట్లోనే ఉంది. ఓసారి కూర్చుని రాయిద్దామనుకున్నాడట గానీ టైము కుదర్లేదు. కాలానికి నిలకడ లేదనీ, చోటును బట్టీ మనిషిని బట్టీ సాగుతుందనీ ఆ గ్రంథం మూల సిద్ధాంతం.

మొదటి అధ్యాయం దేవమానం. మనకు ఒక సంవత్సరమైతే దేవతలకు ఒక్క రోజు. ఆ లెక్కన వాళ్ల ఐదు నిమిషాలు మనకు సుమారు ముప్పై గంటలు. "నేను రెండు గంటల్లోనే వచ్చాను, ఇంకా ఏమిట్రా మీ గొడవ?" అంటాడు బాబాయ్. లెక్క తప్పని ఎవరూ అనలేరు.

రెండోది భూగోళ అధ్యాయం. దేశమంతటికీ టైము చెప్పే 82.5 డిగ్రీల రేఖ మన కాకినాడకు దగ్గరగా పోతుంది. హైదరాబాదు దానికి నాలుగు డిగ్రీలు పడమట ఉంది. డిగ్రీకి నాలుగు నిమిషాల చొప్పున అక్కడ సూర్యుడే పదహారు నిమిషాలు ఆలస్యం. "సూర్యభగవానుడికి లేని పట్టింపు నాకెందుకు?" అని ప్రశ్న. కాకినాడ వెళ్లినప్పుడైనా వేళకొస్తాడా అంటే, అక్కడ హైదరాబాదు అలవాటు అడ్డొస్తుంది.

మూడోది చరిత్ర. ఒకప్పుడు రైళ్లు మద్రాసు టైముతో నడిచేవి. 1906 జనవరి 1న భారత ప్రామాణిక కాలం వచ్చింది. మద్రాసు టైము చూసుకునే గడియారాలను దాదాపు తొమ్మిది నిమిషాలు ముందుకు తిప్పాల్సి వచ్చింది. "అలా మా తాతగారి తొమ్మిది నిమిషాలు తెల్లవాడు పట్టుకుపోయాడు. వడ్డీతో సహా నేను వసూలు చేసుకుంటున్నాను" అంటాడు బాబాయ్. కలకత్తా 1948 దాకా, బొంబాయి 1955 దాకా సొంత టైము వదల్లేదన్న సంగతి కూడా ఆయనకు కంఠతా వచ్చు.

నాలుగోది పురాణం. కకుద్మి మహారాజు కూతురు రేవతికి తగిన వరుణ్ణి అడగడానికి బ్రహ్మలోకం వెళ్లాడు. అక్కడ సంగీతం సాగుతుంటే అయ్యేదాకా ఆగాడు. ఈలోగా భూమ్మీద ఇరవై ఏడు మహాయుగాలు గడిచిపోయాయి. అనుకున్న వరుల్లో ఒక్కడూ మిగల్లేదు. ఆఖరికి పిల్లను బలరాముడికిచ్చి చేశాడు. "చూశారా? తొందరపడుంటే బలరాముడు అల్లుడయ్యేవాడా?" అని ముక్తాయింపు. ఆలస్యం అమృతం విషం అని ఎవరైనా గొణిగితే, "అమృతం కూడా వెంటనే దొరకలేదురా, సముద్రం చిలికితే గానీ!" అంటాడు.

ఇవేవీ పనిచెయ్యనప్పుడు పంచాంగం ఉండనే ఉంది. శనివారం తొమ్మిదింటికి రమ్మంటే పదిన్నర దాకా రాహుకాలం. అది దాటాక యమగండం, ఆపైన వర్జ్యం. ఏ వర్జ్యమూ పెసరట్టు జోలికి మాత్రం పోదు.

పిన్ని ఓసారి హాల్లో గడియారాన్ని ఇరవై నిమిషాలు ముందుకు తిప్పిపెట్టింది. బాబాయ్ రెండో రోజే కనిపెట్టాడు. అప్పట్నుంచీ ముప్పై నిమిషాలు తీసేసి చూస్తున్నాడు.

ఇంత గ్రంథంలోనూ ఎదురుచూడటం గురించి ఒక్క వాక్యం లేదు. పాపం, ఆ అనుభవం ఆయనకెప్పుడూ కలగలేదు. నాలుగింటి కాఫీ నాలుగూ ఐదుకొస్తే ఇల్లు దద్దరిల్లుతుంది. అప్పు తీసుకున్నవాడు రెండు రోజులు గడువడిగితే, కాలం ఎంత విలువైనదో అరగంట ఉపన్యాసం వినాల్సిందే. దేవమానం ఆ వేళకు గుర్తుకురాదు. సాగే గుణం ఆయన దగ్గరున్న కాలానికి లేదు, మన దగ్గరున్న దానికే ఉంది. ఉపనిషత్తు సారం ఇంతే.

కాబట్టి మీ ఇంట్లో శుభకార్యం తలపెడితే ఒక మాట వినండి. ముహూర్తం గంట ముందని అబద్ధం చెప్పకండి, ఆ గంట ఆయన ఎప్పుడో లెక్కలో వేసుకున్నాడు. కారు తాళాలు ముందురోజు రాత్రే తీసుకోండి. పురోహితుడి నంబరు మీరే రాసుకోండి. ముహూర్తం ఊసెత్తకుండా, ఆఖరి బంతి ఎన్నింటికి లేస్తుందో ఆ ఒక్కటీ బాబాయ్ చెవిన వెయ్యండి. మొదటి బంతిలోనే కూర్చుంటాడు.