రంగం మేస్త్రీ మళ్ళీ వచ్చాడు

బ్రహ్మదేవుడికి నాలుగు తలలెందుకో ఇన్నాళ్ళకు తెలిసింది. సృష్టి చేయడానికి ఒకటి చాలు, మిగతా మూడూ షరతులు చదవడానికి. ఆన్‌లైన్ ఆటల కంపెనీలు ఆ పదవిని ఇప్పుడు మనిషికొకటి చొప్పున పంచుతున్నాయి, తలలు మాత్రం ఇవ్వడం లేదు. రోబ్లాక్స్ చూడండి, ఫోర్ట్‌నైట్ చూడండి. ఆడేవాడు ఉత్తినే ఆడి ఇంటికి పోకూడదట. సొంతంగా ఒక మ్యాప్ కట్టాలి. గోడలు లేపాలి, గుంటలు తవ్వాలి, గుంటలో పడ్డవాడు మళ్ళీ మొదటికొచ్చేలా చూడాలి, ఆఖరికి 'పబ్లిష్' మీట నొక్కాలి. నొక్కిన క్షణం నుంచి వాడు కుర్రాడు కాదు, 'క్రియేటర్'. ఏ దేశంలో ఉన్నా ఫరవాలేదు, చేతిలో పైసా లేకపోయినా ఫరవాలేదు, ఊహ ఉంటే చాలు, లోకమంతా వచ్చి నీ మ్యాప్‌లో ఆడుతుంది, నీకు డబ్బులొస్తాయి అని ప్రచారం.

ఏ దేశంలో ఉన్నా అన్నారు కాబట్టి మయన్మార్ దాకా పోయి చూద్దాం. యాంగోన్ మనకు కొత్త ఊరేం కాదు. మన తాతలకు అది రంగం. ఇప్పటి శ్రీకాకుళం, విశాఖ, గోదావరి జిల్లాల నుంచి వేలకు వేల మంది కాకినాడ, విశాఖ రేవుల్లో ఓడెక్కి అక్కడికి పోయారు. రేవులో మూటలు మోశారు, బియ్యం మిల్లుల్లో పనిచేశారు. తిరిగొచ్చినవాళ్ళ గుర్తుగా విశాఖలో ఇప్పటికీ బర్మా క్యాంప్ ఉంది.

వాళ్ళలో చాలామంది తమంత తాము పోలేదు. తీసుకుపోయినవాడు మేస్త్రీ. ఊళ్ళోకొచ్చి అడ్వాన్సు చేతిలో పెట్టేవాడు, ఓడ టిక్కెట్టు కొనేవాడు, రంగంలో పనీ చూపించేవాడు. కంపెనీ ఇచ్చే కూలి డబ్బులు నేరుగా కూలీకి అందేవి కావు, మేస్త్రీ చేతుల మీదుగా వచ్చేవి. ఆ చేతులకు అంటుకున్నంత అంటుకోగా, అడ్వాన్సు బాకీ తీరగా, మిగిలింది కూలీది. ఒక్కో చోట మేస్త్రీ మీద పెద్ద మేస్త్రీ, వాడి మీద కాంట్రాక్టరు. అందరూ తలా కాస్త కోసుకునేవారు. ఒక్క విషయంలో మాత్రం ఆ మేస్త్రీని మెచ్చుకోవాలి. కూలీని కూలీ అనే పిలిచాడు.

కొత్త మేస్త్రీ కాలిఫోర్నియాలో ఉంటాడు, వాడి దగ్గర నాణేలు కూడా వేరు. రోబ్లాక్స్‌లో చెల్లేది రూపాయీ కాదు, డాలరూ కాదు, రోబక్స్. లెక్క చూడండి. ఒక పిల్లవాడు నాన్న ఫోన్లో సుమారు పది డాలర్లు పెడితే 800 రోబక్స్ వస్తాయి. అవన్నీ మన క్రియేటర్ మ్యాప్‌లో ఖర్చు పెట్టాడనుకుందాం. ముప్ఫై శాతం కంపెనీ పట్టుకుని 560 ఇస్తుంది. వాటిని డాలర్లుగా మార్చుకోవాలంటే రేటు వేరు. ఏళ్ళ తరబడి ఒక్కో రోబక్స్‌కు 0.0035 డాలర్లు ఇచ్చారు, 2025లో పెద్ద మనసు చేసుకుని 0.0038 చేశారు. పాత రేటుకైనా కొత్త రేటుకైనా చేతికొచ్చేది దాదాపు రెండు డాలర్లు. పదిలో రెండు! కొనేటప్పుడు ఒక ధర, అమ్మేటప్పుడు ఇంకో ధర ఉన్న ఆ నాణేన్ని కనిపెట్టినవాడికి మన పాత వడ్డీ వ్యాపారులు కాళ్ళు కడిగి నెత్తిన చల్లుకునేవారు.

ఆ రెండు డాలర్లు కూడా వెంటనే రావు. సంపాదించిన రోబక్స్ ముప్ఫై వేలు చేరాకే డబ్బుగా మార్చుకోనిస్తారు. అంటే పైలెక్కన యాభై నలుగురు పిల్లలు తలా పది డాలర్లు ఒక్క మ్యాప్‌లోనే తగలెయ్యాలి. అప్పటికి క్రియేటర్‌కు పాత రేటున నూటయిదు డాలర్ల అర్హత వస్తుంది. కంపెనీ తరఫు మాట కూడా చెప్పాలి. సర్వర్లు వాళ్ళవే, కరెంటు వాళ్ళదే, ఫోన్లలో యాప్ స్టోర్లకు కట్టే ముప్ఫై శాతం వాళ్ళే కడుతున్నారు. రంగం మేస్త్రీ కూడా ఓడ ఖర్చులు నావే అనేవాడు.

మ్యాప్ కట్టింది యాంగోన్ కుర్రాడైతే ఇక్కడితో సగం కథే అయింది. దేవుడు వరమిచ్చినా పూజారి వరమివ్వాలిగా. రెండో మేస్త్రీ ఆ దేశ రాజధాని నేపిడాలో ఉంటాడు, యూనిఫాం వేసుకుని. 2022 ఏప్రిల్‌లో అక్కడి కేంద్ర బ్యాంకు ఒక ఆజ్ఞ జారీ చేసింది. విదేశీ డబ్బు ఎవరి ఖాతాలో పడినా ఒక్క పనిరోజులో, సర్కారు చెప్పిన రేటుకు, క్యాట్‌లుగా మార్చెయ్యాలి. ఆ ఆగస్టుకు సర్కారు రేటు డాలరుకు 2,100 క్యాట్‌లు. 2024 వచ్చేసరికి వీధిలో డాలరు నాలుగు వేలు దాటింది. నూటయిదు డాలర్లకు బజార్లో నాలుగు లక్షల పైచిలుకు వస్తుంటే, సర్కారు రేటు లెక్కన రెండు లక్షల ఇరవై వేలు. పదిలో రెండు మిగిలిందని ఏడిస్తే, ఆ రెండులోనూ ఒకటి పోయింది. పైగా 2022 అక్టోబరులో మయన్మార్‌ను మనీలాండరింగ్ మీద నిఘా పెట్టే ఎఫ్‌ఏటీఎఫ్ నల్లజాబితాకెక్కించింది. దాంతో ఆ దేశం పేరు వింటేనే విదేశీ బ్యాంకులు గుమ్మం దగ్గరే ఆపి వంద ప్రశ్నలడుగుతున్నాయి. జనరళ్ళ మీద కోపం, దెబ్బ మాత్రం మ్యాప్ కట్టిన కుర్రాడికి.

ఇంతకీ వాడు మ్యాప్ ఎప్పుడు కడతాడు? రోబ్లాక్స్ మ్యాపులు కట్టే స్టూడియో ఫోన్లో నడవదు, కంప్యూటరు కావాలి. ఫోర్ట్‌నైట్ వాళ్ళ ఎడిటర్‌కు మామూలు కంప్యూటరు కూడా ఆనదు. కంప్యూటరుకు కరెంటు కావాలి, యాంగోన్‌లో కరెంటు వంతుల మీద వస్తుంది. రాగానే వీధి వీధంతా కేక వేస్తుంది, మన పల్లెల్లో ఒకప్పుడు వేసినట్టే. ఆ కేక వినపడిన దగ్గర్నుంచి ఇంట్లో యుద్ధం. అన్నం కుక్కర్ పెట్టాలి, నీళ్ళ మోటారు వెయ్యాలి, ఫోన్లు ఛార్జింగుకు పెట్టాలి. ఆ వరసలో ఐదో నంబరుకు కూడా రాని కంప్యూటరు ముందు కూర్చుని మన సృష్టికర్త కొండకు రంగేస్తుంటాడు. సేవ్ చేసేలోపు ప్రళయం.

కడితే మాత్రం బాగా కడతాడు, ఆ మాట చెప్పాలి. యాంగోన్‌లో మ్యాపుకు పనికొచ్చే సరుకు కావలసినంత ఉంది. లిఫ్టులేని అపార్టుమెంట్లు, వీధివైపు బాల్కనీల నుంచి కిందికి వేలాడే తాళ్ళు, తాడు చివర క్లిప్పు. పేపరు వేసేవాడు, టిఫిను తెచ్చినవాడు సరుకు దానికి తగిలించి తాడు లాగితే పైన గంట మోగుతుంది, ఇంటావిడ పైకి లాక్కుంటుంది. కరెంటు పోయేలోగా ఆ తాళ్ళు పట్టుకుని ఎనిమిది అంతస్తులెక్కి పైన మోటారు ఆపి రావాలని ఒక లెవెల్ పెట్టండి, సోల్ నుంచి సావో పాలో దాకా పిల్లలు ఆడకపోతే నన్నడగండి.

కానీ పబ్లిష్ చెయ్యాలంటే ఇంటర్నెట్ కావాలి. 2014లో విదేశీ కంపెనీలొచ్చి సిమ్ కార్డును 1,500 క్యాట్‌లకు అమ్మినప్పుడు యాంగోన్ పండగ చేసుకుంది, అంతకుముందు అది డబ్బున్నవాళ్ళ సొత్తు. 2021 ఫిబ్రవరి 1న సైన్యం గద్దెనెక్కింది. మూడు రోజుల్లో ఫేస్‌బుక్ ఆపేశారు. ఆ నెల మధ్య నుంచి రాత్రి ఒంటిగంట నుంచి పొద్దున తొమ్మిది దాకా నెట్టే లేదు. ఆటగాళ్ళ బ్రహ్మముహూర్తం అదే మరి! మరుసటి జనవరికల్లా కొత్త సిమ్ మీద 20,000 క్యాట్‌ల పన్ను వేశారు. 2024లో వీపీఎన్‌లను అడ్డుకున్నారు. వీధిలో ఆపి ఫోన్లు తెరిపించి వీపీఎన్ ఉందేమోనని వెదికారు, దొరికితే డబ్బులు గుంజారు. 2025 జనవరి 1న సైబర్ భద్రతా చట్టం రాశారు, అనుమతి లేకుండా వీపీఎన్ సేవలు నడిపితే జైలు. అంతకుముందే, 2024 ఫిబ్రవరిలో, నిర్బంధ సైనిక సేవ చట్టాన్ని అమల్లోకి తెచ్చారు. 18 నుంచి 35 ఏళ్ళ మగవాళ్ళను, 18 నుంచి 27 ఏళ్ళ ఆడవాళ్ళను పట్టుకుపోవచ్చు. ఆటల కంపెనీల ప్రకటనల్లో నవ్వుతూ కనిపించే క్రియేటర్ల వయసు కూడా సరిగ్గా అదే.

సొంత మ్యాప్ అనేదానికి విలువ లేదని నేననడం లేదు. అంత విలువ ఉండబట్టే ఇంత పంచాయితీ. యాంగోన్ గేమ్ షాపుల్లో ఒక తరం కుర్రాళ్ళు డోటా ఆడి పెద్దవాళ్ళయ్యారు. ఆ డోటా ఏ కంపెనీ చేసిన ఆటా కాదు. బ్లిజార్డ్ వాళ్ళ వార్‌క్రాఫ్ట్ 3లో మ్యాపులు కట్టుకునే ఎడిటర్ ఉండేది. 2003లో యూల్ అనే మారుపేరుతో ఒకాయన అందులో ఒక మ్యాప్ కట్టి వదిలాడు, అంతే. దాన్ని గిన్సూ పెంచాడు, ఐస్‌ఫ్రాగ్ నిలబెట్టాడు. ఇవి కూడా మారుపేర్లే. ఆ ఒక్క మ్యాప్ కడుపున లీగ్ ఆఫ్ లెజెండ్స్ పుట్టింది, డోటా 2 పుట్టింది, ఆ వరసలోనే మొబైల్ లెజెండ్స్ వచ్చింది. డోటా అనే పేరు నాదంటే నాదని వాల్వ్, బ్లిజార్డ్ కొట్టుకుని 2012లో రాజీ పడ్డాయి. కట్టినవాళ్ళు కాదు, కంపెనీలు.

చేతులు కాలాక బ్లిజార్డ్ ఆకుల కోసం వెతికింది. 2020 జనవరిలో వార్‌క్రాఫ్ట్ 3ని కొత్తగా ముస్తాబు చేసి వదిలినప్పుడు నిబంధనలు మార్చింది. మా ఎడిటర్‌తో ఎవరు ఏ మ్యాప్ కట్టినా అది పూర్తిగా, శాశ్వతంగా మా ఆస్తి అని రాసుకుంది. మ్యాప్‌లో ఏదైనా తేడా వస్తే మాత్రం బాధ్యత కట్టినవాడిదట. పంట మాది, పురుగు నీది. యూల్ ఈ రోజు ఆ మీట నొక్కి ఉంటే డోటా పుట్టిన మరుక్షణమే దత్తు పోయేది.

యాంగోన్ కుర్రాళ్ళకు చేవ లేదా? 2021 జనవరి 24న సింగపూర్‌లో మొబైల్ లెజెండ్స్ ప్రపంచ పోటీ ఫైనల్ జరిగింది. మయన్మార్ జట్టు బర్మీస్ ఘౌల్స్ ఫిలిప్పీన్స్ జట్టు బ్రెన్‌తో ఏడో ఆట దాకా పోరాడి 4-3తో ఓడింది. ఒక్క ఆట తేడాతో ప్రపంచ కప్పు పోయింది. ఆ తర్వాత ఎనిమిదో రోజున దేశమే పోయింది.

సైన్యం వచ్చాక అక్కడివాళ్ళు పబ్లిష్ చేసిన ఆటల్లో ఎక్కువ పేరొచ్చినది మాత్రం క్రియేటర్ పథకాల కింద పుట్టలేదు. 2022లో వచ్చిన ఆ ఫోన్ గేమ్ పేరు 'వార్ ఆఫ్ హీరోస్: ది పీడీఎఫ్ గేమ్'. ప్రజా రక్షణ దళం తరఫున సైనికులతో పోరాడటమే ఆట. అందులో వచ్చే ప్రకటనల ఆదాయం ప్రతిఘటనకూ, ఇళ్ళు వదిలి పారిపోయినవాళ్ళకూ. ఆడితే కేసులు పెడతామని సైన్యం బెదిరించింది. ఇటు గూగుల్ ప్లే కూడా, జరుగుతున్న యుద్ధాన్ని సొమ్ము చేసుకునే యాప్‌లు మా దగ్గర కుదరవని తన నిబంధన చూపించి అడ్డుపెట్టింది, కుర్రాళ్ళు మార్పులు చేసుకోవలసి వచ్చింది. దుకాణంలో తుపాకీ ఆటలు లెక్కలేనన్ని ఉన్నాయి. ఊహల్లోని యుద్ధంలో ఎంతమందిని కాల్చినా వినోదం, మన వీధిలో జరుగుతున్న యుద్ధం మాత్రం సున్నితమైన అంశం. యాంగోన్ హ్లెడాన్ కూడలిని పక్కా కొలతలతో కట్టుకోండి, బస్సులు తిప్పుకోండి. 2021లో సైన్యానికి ఎదురుగా అక్కడ నిలబడిన జనాన్ని మాత్రం పెట్టకండి, ఇద్దరు మేస్త్రీలకూ ఒకేసారి కోపమొస్తుంది.

డబ్బు కోసం కాదండీ, సరదా కోసం కడుతున్నాం అంటారా? శుభం. సరదాగా కట్టినవాడే డోటా కట్టాడు. అప్పుడు కంపెనీలు కూడా సరదాగానే ఉండాలి. సరదాకు కట్టినదాన్ని శాశ్వత ఆస్తిగా రాసుకోకూడదు, నాణేలు ముద్రించకూడదు, వార్షిక నివేదికలో మా క్రియేటర్ల సంపాదన ఇంత అని గొప్పలు చెప్పుకోకూడదు. మీ ఇంట్లో పిల్లలు మ్యాపులు కడుతుంటే ఆపకండి, అది మంచి విద్య. పబ్లిష్ మీట నొక్కే ముందు మాత్రం ఆ షరతుల కాగితం పక్కన కూర్చుని చదివి పెట్టండి. పదవి పేరు ఎంత పెద్దదైతే కాగితం అంత నిదానంగా చదవాలి.

మయన్మార్‌లో కూలీకి రోజుకు ఎనిమిది గంటల పనికి కనీసం 4,800 క్యాట్‌లు ఇవ్వాలని 2018లో చట్టప్రకారం నిర్ణయించారు. సృష్టికర్తకు ఎంతివ్వాలో ఏ దేశంలోనూ ఎవరూ రాయలేదు.